ఆదివారం సవారీలు

మధ్యాహ్నం అన్నానికి కూర్చునే వేళకు మా ఇంట్లో టీవీలో హత్య మొదలవుతుంది. రోజుకొకటి. ముందు గుండె కొట్టుకున్నట్టు ఒక చప్పుడు, వెనకే గొంతు బొంగురు చేసుకుని ఒకాయన, "ఆ తలుపు వెనక ఏం జరిగింది?" అని అడుగుతాడు. మా కోడలు నోటి దాకా తెచ్చిన ముద్దను అక్కడే ఆపేస్తుంది. నేను అడ్డం వచ్చానంటే, "జెర పక్కకు జరుగుండ్రి మామా, కనిపిస్తలేదు" అంటుంది. మంచి పిల్ల. నాకు వేడివేడిగా వడ్డించకుండా తాను తినదు. కానీ ఆ ముద్ద గాలిలో ఆగిపోయినప్పుడల్లా నాకు ఇంకొక ఆడమనిషి, ఇంకొక ముద్ద గుర్తొచ్చి ఒళ్లు మండుతుంది. ఎందుకు మండుతుందో ఆమెకు ఎన్నడూ చెప్పలేదు. ఇక్కడ రాస్తున్నాను.

ఆ ఊరి పేరు మాత్రం రాయను. బోయిన్‌పల్లి దాటి ఉత్తరంగా పోయే బాట మీద ఉంటుంది, అంతే. పేరు రాస్తే వచ్చే ఆదివారం ఎవరో ఒకరు కారు మాట్లాడుకుని బయలుదేరుతారు. మనిషి బుద్ధి మీద నాకు ఆ మాత్రం నమ్మకం ఉంది. మనుషుల పేర్లు కూడా రాయను. చచ్చిపోయిన వాళ్ల పేర్లు నా దగ్గరే ఉండాలి. చంపిన వాళ్ల పేర్లు వాళ్ల మనవలకు అక్కర్లేదు.

మేం దూదేకులవాళ్లం. మాకు నమాజు అరబ్బీలో, తిట్లు తెలుగులో. మా అమ్మ గురువారం దర్గాకు పోయి చాదర్ ముట్టుకునేది, తిరిగి వస్తూ దారిలో పేరంటాలమ్మ రాయి కనిపిస్తే చెంపలు వేసుకునేది. ముల్లా సాబ్ చూస్తే కోప్పడేవాడు, అమ్మ నవ్వి ఊరుకునేది. మానం కాపాడుకోవడానికో, మొగుడి వెంటనో ప్రాణం తీసుకున్న ముత్తైదువను మా వైపు పేరంటాలు అంటారు. ఆమె పోయిన చోట రాయి నిలబెట్టి, పసుపు పూసి, రవికె గుడ్డా గాజులూ పెట్టి మొక్కుతారు. ఈ ముక్క గుర్తుంచుకోండి, ముందు ముందు కావాలి.

మా నాయన దూది ఏకి ఏకి, ఆ నూగంతా గొంతులోకి పోయి, దగ్గుతూ దగ్గుతూ పోయాడు. అది చూసి నేను ఆ పని ముట్టుకోనని జట్కా పట్టుకున్నాను. సికింద్రాబాదు స్టేషను ముందర మా అడ్డా. చాలా ఏళ్ల తర్వాత జట్కాలు పోయాక ఒక ప్రెస్సులో అక్షరాలు కూర్చే పని దొరికింది కాబట్టి ఈనాడు ఇలా రాయగలుగుతున్నాను.

అక్క నాకంటే పెద్దది. ఆమెను ఆ ఊళ్లో దూదేకులవాడికే ఇచ్చారు. బావ మెత్తటివాడు, తన దూదిలాగే. అక్క మాత్రం గట్టి మనిషి. బావతో సమానంగా విల్లు పట్టి దూది ఏకేది, ఆమె చెయ్యి పట్టుకుంటే మగవాళ్లకు కూడా విడిపించుకోవడం కష్టం. నేను తీసుకురావడానికి పోయినప్పుడు ఊరు దాటగానే పగ్గాలు నా చేతుల్లోంచి లాక్కునేది. "నువ్వు గుర్రాన్ని తోలుతున్నవా, బతిమాలుకుంటున్నవా" అని ఎగతాళి. కంటోన్మెంటు కనిపించాక కొంగు తల మీదికి లాక్కుని వెనక బుద్ధిగా కూర్చునేది. ఇంట్లో అడుగు పెట్టగానే అమ్మ మలీద చేసేది. రొట్టెను నలిపి, బెల్లం నూరి, నెయ్యి పోసి కలిపిన ముద్దలు. అక్క నిలబడే తినేది. పిల్లలు లేరన్న ఒక్క దిగులు తప్ప ఆమెకు ఇంకే దిగులూ లేదు. ఆ దిగులుతోనే కనిపించిన ప్రతి దర్గాకూ, ప్రతి పసుపు రాయికీ మొక్కింది.

ఆ రోజుల గురించి చాలామంది చాలా రాశారు. నేను చూసింది చెబుతాను. పోలీసు యాక్షన్‌కు ముందు ఏడాది పైగా ఖాకీలు తొడుక్కుని కత్తులు పట్టుకున్న గుంపులు ఊళ్ల మీద పడ్డాయి. వాళ్ల పేరు అందరికీ తెలుసు. అక్క వాళ్ల ఊరికి పక్క ఊరిని వాళ్లు తగలబెట్టారు. గడ్డివాములతో పాటు మనుషుల్ని కూడా. మా దేవుడి పేరు అరుస్తూనే చేశారు, అది దాచి లాభం లేదు. ఆ తర్వాత యూనియన్ సైన్యం వచ్చింది, కొద్ది దినాల్లో అంతా ముగిసింది. సికింద్రాబాదులో సగం ఇళ్లు తోరణాలు కట్టాయి, సగం ఇళ్లు గడియలు పెట్టుకున్నాయి. ఊళ్లల్లో మాత్రం అప్పుడే మొదలైంది. కత్తి పట్టినవాడు ముందే పారిపోయాడు. దొరికింది దర్జీ, అత్తరు అమ్ముకునేవాడు, దూదేకులవాడు.

అక్క వాళ్ల ఊరి దర్జీ తల్లి ఒకామె జొన్నచేలో పడుకుని బతికి, కాలినడకన సికింద్రాబాదు చేరి మా ఇల్లు వెతుక్కుంటూ వచ్చింది. ఆమె చెప్పింది. బావను ఇంటి ముందే, తాను దూది ఏకే కొయ్యతోనే తల మీద కొట్టారు. ఒక్క దెబ్బకు పోలేదు. వాకిట్లో ఆరబెట్టిన దూదిలో పాకాడు, పాకినంత మేరా దూది ఎర్రబడింది. అక్క అడ్డం పడితే జుట్టు పట్టి పక్కకు విసిరారు. లేచి చేల వైపు, మోటబావి వైపు ఉరికింది. వెనక మగవాళ్లు ఉరికారు.

"తర్వాత?" అంది అమ్మ.

"తర్వాత నేను మొకం మట్టిల పెట్టుకున్న తల్లీ. చూడలే. బావిల పడ్డ చప్పుడైతే ఇన్న."

దారులు తెరిచాక నేను పోయాను. అప్పటికే సిపాయిలు బావిలో ఉన్న వాళ్లందర్నీ తీయించి ఒకే గుంతలో పూడ్చేశారు. ఆ గుంత మీద మట్టి ఇంకా తడిగా ఉంది, కుక్కలు తవ్వకుండా తుమ్మకంప పరిచారు. నేను ఇంటింటికీ పోయి అడిగాను. ఆ రోజు ఆ ఊళ్లో ఎవరూ లేరట. ఒకడు చుట్టాలింటికి పోయాడట, ఒకడు సంతకు పోయాడట, ఒకడికి జ్వరమట. మరి చంపింది ఎవరో, కాకులేమో. కడుపు చించుకుంటే కాళ్ల మీద పడుతుందని వాళ్లకు తెలుసు.

ఇంటికి వచ్చి గుంత సంగతి చెప్పాను. అమ్మ ఏడవలేదు. ఒకటే అడిగింది.

"దూకిందా, తోసిండ్రా?"

"తెల్వదమ్మా."

అమ్మ ముల్లా సాబ్ దగ్గరికి పోయింది. ఆయన చెడ్డవాడు కాదు, చాలాసేపు గడ్డం నిమురుకున్నాడు. తోసి చంపితే ఆమె షహీద్, నేరుగా జన్నత్‌కు పోతుంది అన్నాడు. తానే దూకితే, అల్లా ఇచ్చిన ప్రాణాన్ని తాను తీసుకున్నట్టు. ఆ లెక్క అల్లాకే ఎరుక అన్నాడు. ఆమె కోసం దువా చెయ్యొచ్చనీ చెప్పాడు. అమ్మకు ఆ చివరి మాట చెవికెక్కలేదు. అల్లాకే ఎరుక అన్న చోటే ఆగిపోయింది. ఇంటికి వచ్చి, పోయినవాళ్ల పేరున చదివే ఫాతిహాకు మలీద చెయ్యాలని తెచ్చిన బెల్లం దిమ్మను గుడ్డలో మూట కట్టి ఉట్టి మీద పెట్టేసింది. దినాలు వచ్చాయి, పోయాయి. మా ఇంట్లో ఫాతిహా చదవలేదు. నేను పని నుంచి రాగానే చెప్పులు విప్పక ముందే అమ్మ నా ముఖం చూసేది. నేను తల అడ్డంగా ఊపేవాణ్ణి. ముఖం తిప్పుకునేది. నా బిడ్డ ఎక్కడుంది అన్నదే ఆమె ప్రశ్న. మట్టిలో ఎక్కడుందన్నది కాదు.

అలాంటి రోజుల్లో ఒక ఆదివారం పొద్దున ఒక రైల్వే గుమాస్తా పెళ్లాం పిల్లల్తో అడ్డాకు వచ్చాడు. చేతిలో టిఫిన్ క్యారియర్, నీళ్ల కూజా. ఆ ఊరి పేరు చెప్పి, "ఆ బావి కాడికి పోదాం. మా ఆఫీసుల అందరు చూసొచ్చిండ్రు" అన్నాడు.

ఇల్లు కాలి ఒకడు ఏడుస్తుంటే చుట్టకు నిప్పడిగాడట వెనకటికి ఒకడు. వీళ్లు ఇంకో మెట్టు పైకెక్కి, ఆ సెగకు చాప వేసుకుని కూర్చునే రకం. పొమ్మనబోయాను. నోటి దాకా వచ్చింది. అంతలో ఒక ఆలోచన వచ్చింది. నాకు చెప్పని ఊరు వీళ్లకు చెబుతుందేమో. ఏడ్చేవాడి ముందు నోరు మూసుకునేవాడు, చప్పట్లు కొట్టేవాడి ముందు తెరుస్తాడు. ఎక్కించుకున్నాను.

నేను అనుకున్నట్టే అయింది. బావి దగ్గర కథ చెప్పేవాడు ఒకడు తయారయ్యాడు. నలభై దాటిన మనిషి, రైతు, వెనక బాగోతాల్లో వేషం కట్టినవాడు. గొంతు బాగుంటుంది. నన్ను చూడగానే గుర్తుపట్టాడు, నేను అక్క కోసం వచ్చిపోయేవాణ్ణి కదా. దడుచుకోలేదు. పక్కకు పిలిచి భుజం మీద చెయ్యి వేశాడు.

"దూకింది తమ్మీ. మానం కోసం దూకింది. గా మంచె మీద కూసోని కండ్లార చూసిన. సత్తెం తప్పలే మీ అక్క."

మంచె అంటే జొన్నచేలో పిట్టల్ని తోలడానికి కట్టిన కొయ్యల అరుగు. అక్కణ్ణుంచి బావి ఒక పరుగు దూరం. ఆ మాట అమ్మకు చెప్పాలి. చెబితే ఆ బెల్లం ఇంక ఎన్నడూ ఉట్టి దిగదు. వాడి మాట నమ్మాలనిపించలేదు, నమ్మకుండా ఉండడానికి నా దగ్గర ఏమీ లేదు. అందుకని ప్రతి ఆదివారం పోయాను. సవారీ లేకపోతే అడ్డాలో నేనే పిలిచి ఎక్కించుకున్నాను. వాడు ఎన్నిసార్లు చెబితే అన్నిసార్లు విన్నాను. అబద్ధం పదిసార్లు చెబితే ఎక్కడో ఒక కుట్టు ఊడుతుందని నా ఆశ.

ఎవరు రాలేదని చెప్పను? బట్టల కొట్ల వాళ్లు, కంటోన్మెంటు బంగ్లాల వంటవాళ్లు, సెలవు మీదున్న సిపాయిలు. మా వాళ్లు కూడా వచ్చారు. టోపీ పెట్టుకున్న ఒక పెద్దమనిషి ఉర్దూలో ఎంతమంది, ఎంతమంది అని అడుగుతూ బావి చుట్టూ తిరిగాడు, కన్నీళ్లు కూడా పెట్టుకున్నాడు, ఆ తర్వాత అక్క ఒంటి మీద బట్టలున్నాయా లేవా అని మెల్లగా అడిగాడు. ఈ రుచి విషయంలో మతాలకు తేడా లేదు. కొందరు బావిలో రాయి వేసి చప్పుడు విన్నారు. కొందరు బావ ఇంటి వాకిట్లో ఎర్రబడ్డ దూది పీచులు దొరుకుతాయేమోనని వెతికి, ఏరుకుని, రుమాలులో కట్టుకుపోయారు. పిల్లలు మంచె ఎక్కి గంతులేశారు. అందరూ ఎక్కుతున్నారు కదా అని ఒక రోజు నేనూ ఎక్కి కూర్చుని బావి వైపు చూశాను.

చచ్చినవాడి కళ్లు చారెడు అంటారు. అక్క విషయంలో ఆ సామెత నా ముందే రుజువైంది. మొదటి వారం ఆమె మామూలు మనిషి. రెండో వారం వెంట్రుకలు మోకాళ్ల దాకా వచ్చాయి. ఆ పై వారం వెంటపడ్డ వాళ్లను శపించింది, ఆ శాపానికి ఎడ్లు చచ్చాయి. తర్వాత ఒక ఆదివారం అక్క చంకలోకి ఒక ఆడపిల్ల వచ్చింది. పాలు తాగే పిల్లను రొమ్ముకు అదుముకుని దూకిందట. బండి ఎక్కి వచ్చిన ఆడవాళ్లు కొంగులు నోట్లో కుక్కుకుని ఏడ్చారు.

వాళ్లు పక్కకు పోయాక వాణ్ణి అడిగాను. "మా అక్కకు పిల్లలు లేరు గద."

"ఎరుకే తమ్మీ. కని ఆడోళ్లు ఏడ్వాలె గద. పిల్ల లేకుంటే కత నిలవడ్తలేదు."

వాడు ఎగతాళికి అనలేదు. పని తెలిసినవాడు పని గురించి చెప్పినట్టు చెప్పాడు. నేను గుర్రం దగ్గరికి పోయి దాని మెడలో ముఖం పెట్టుకుని నిలబడ్డాను. ఆ పిల్ల కోసం అక్క ఎన్ని రాళ్లకు మొక్కిందో నాకు తెలుసు. చచ్చాక ఒక దొంగ నోట్లోంచి పుట్టింది.

అటు తర్వాత పసుపు వచ్చింది. బావి ఒడ్డున ఎవరో ఒక రాయి నిలబెట్టారు. దూకి మానం కాపాడుకున్నది కాబట్టి పేరంటాలు, బిడ్డతో పోయింది కాబట్టి బిడ్డలనిచ్చే తల్లి. గాజులు వచ్చాయి, రవికె గుడ్డలు వచ్చాయి. పిల్లలు లేనివాళ్లు గుడ్డ పీలికలతో చిన్న చిన్న ఉయ్యాలలు చేసి పక్కనున్న తుమ్మకొమ్మకు కట్టారు. మా వాడలో ఉండే ఒకామె, మా అమ్మకు ఎన్నో ఏళ్ల స్నేహితురాలు, అక్కడికి పోయి వచ్చి కొబ్బరి ముక్క, కుంకుమ పొట్లం తీసుకుని మా ఇంటికి వచ్చింది. మంచి మనసుతోనే వచ్చింది.

"నీ బిడ్డ దేవతయింది అక్కా. ఇగ ఏడ్వకు. ఎంతమందికి దక్కుతదే గసుంటి చావు."

అమ్మ ఆ పొట్లం వైపు చాలాసేపు చూసింది. ఎన్నడో ఆమె స్వయంగా అలాంటి రాళ్లకు చెంపలు వేసుకున్నదే. "దూకిందని నీకెవరు చెప్పిండ్రు?" అంది.

"అందరు చెప్తున్నరు గదనే."

"అందరు చూసిండ్రా?"

అమ్మ కొబ్బరి ముక్క తీసుకుని వాకిట్లో కోళ్లకు వేసింది. కుంకుమ పొట్లం తిరిగి ఆమె చేతిలో పెట్టింది. "నా బిడ్డను మొక్కుడు పెట్టకుండ్రి. మీరు మొక్కిన కొద్ది అది అక్కడ్నే తిరుగుతది" అంది. నలభై ఏళ్ల స్నేహం ఆ రోజుతో సరి. ఆ పొద్దు నేను చెప్పులు విప్పుతుంటే అమ్మ నా ముఖం కూడా చూడలేదు. అది చూసి నాకు భయమేసింది.

ఆ తర్వాతి ఆదివారం ఒక బట్టల వ్యాపారి కుటుంబం ఎక్కింది. భార్య, పెళ్లయిన బిడ్డ, మెడలో పెట్టె కెమెరా వేలాడేసుకున్న అల్లుడు. వెనక ఇంకా రెండు బండ్లలో చుట్టాలు. బావి దగ్గర చాపలు పరిచి పులిహోర విప్పారు. కథ చెప్పేవాడు మొదలుపెట్టాడు, కానీ వ్యాపారి మొదట్నుంచీ పెదవి విరుస్తూనే ఉన్నాడు.

"ఊకె దూకింది, దూకింది అంటవ్. గిది అంతటా ఇన్నదే. ఎట్ల అయ్యిందో జెర చేసి చూపియ్. ఇంతదూరం వచ్చినం."

అల్లుడు కెమెరా సర్దుకున్నాడు. అది చూసి వీడిలోని వేషగాడు లేచాడు. తువ్వాల కొంగులాగా తల మీద వేసుకుని, బావి అవతలి ఒడ్డున, మోట కోసం పరిచిన రాతి పలక మీదికి పోయాడు. ముందు అక్క అయి ఉరికాడు. వెంటపడ్డ వాళ్లయి అరిచాడు. మళ్లీ అక్క అయి పలక అంచున కూలబడ్డాడు. జనం దగ్గరికి జరిగారు. ఎవరో అబ్బా అన్నారు. వాడి ముఖంలో వెలుగు వచ్చింది.

"పడుకుంట పడుకుంట గీ అంచు పట్టుకున్నది. రెండు చేతులతోటి. దూది ఏకిన చేతులాయె, ఉడుంపట్టు. ఎంతకు ఇడుస్తలేదు. ఇగ గప్పుడు..."

లేచి నిలబడి కుడికాలు ఎత్తి మడమతో రాతి మీద బలంగా తొక్కాడు. మళ్లీ ఎత్తి మళ్లీ తొక్కాడు. ఆ తొక్కడంలో నాటకం లేదు. ఎక్కడ తొక్కాలో ఆ కాలికి తెలుసు. ఇంకోసారి ఎత్తిన కాలు అలాగే గాలిలో ఆగిపోయింది. వాడు నా వైపు చూశాడు.

నేను చర్నాకోల పట్టుకుని లేచాను.

"దూకినామె అంచు ఎందుకు పట్టుకుంటదన్నా?"

"కతల గట్ల..."

"మంచె మీంచి గీ అంచు కనవడది. నేను ఎక్కి చూసిన."

మొదటి దెబ్బకు చెవి నుంచి నోటి దాకా చర్మం లేచిపోయింది. గుర్రాన్ని నేను ఎన్నడూ అలా కొట్టలేదు. చేతులు అడ్డం పెట్టాడు, చేతుల మీద కొట్టాను. బోర్లా పడ్డాడు, వీపు మీద కొట్టాను, చొక్కా చినిగేదాకా, ఆ చినుగులో వీపు చినిగేదాకా. చర్నాకోల తోలు రక్తంతో తడిసి బరువెక్కి చప్పుడు మారింది. దాన్ని పారేసి వాడి జుట్టు పట్టుకుని పలక అంచు దాకా ఈడ్చాను. కాళ్లు ముందు లోపలికి పోయాయి. వాడు రెండు చేతులతో అంచు పట్టుకుని వేలాడాడు. ఆమె పట్టుకున్న చోటే. నేను వాడి వేళ్ల మీద కాలు పెట్టాను. నొక్కాను. ఎముక కదలడం నా అరికాలికి తెలిసింది. నాకు బాగుండింది. ఈ వయసులో అబద్ధం ఎందుకు, చాలా బాగుండింది.

"చెప్పు."

"నలుగురం. నా ఒక్కని కాలే కాదు తమ్మీ."

"ఏమన్నది?"

వాడు ఏడుస్తున్నాడు. "అన్నా అన్నది. నీ పెండ్లి పరుపుకు మా ఆయననే దూది ఏకిండన్నా అన్నది."

ఇంకొంచెం బరువు వేస్తే అయిపోయేది. వేయబోతూ తలెత్తాను, ఎందుకో తెలియదు. అప్పుడు వాళ్లను చూశాను.

ఎవరూ పారిపోలేదు. ఎవరూ నన్ను పట్టుకోవడానికి రాలేదు. మూడు బండ్ల జనమూ ఇంకా దగ్గరికి వచ్చి అర్ధచంద్రాకారంలో నిలబడ్డారు. అల్లుడు తల వంచి కెమెరాలోకి చూస్తున్నాడు. ఒక తండ్రి బిడ్డకు కనబడాలని భుజాల మీదికి ఎక్కించుకున్నాడు. వ్యాపారి భార్య చేతిలో పులిహోర ముద్ద నోటికీ విస్తరాకుకీ మధ్య ఆగిపోయి ఉంది. పక్కామెను గుసగుసగా అడుగుతోంది. "తోస్తడా?"

అక్కను తొక్కిన రోజు బావి చుట్టూ ఎవరెవరు ఇలా నిలబడ్డారో నాకు అప్పుడు తెలిసింది. ఊళ్లో లేమన్నవాళ్లంతా.

కాలు తీసేశాను. చెయ్యి పట్టి వాణ్ణి పైకి లాగాను. నన్ను దయ గలవాడని ఎవరూ అనుకోవద్దు. వాణ్ణి చంపాలన్న కోరిక నాకు ఈనాటికీ పోలేదు. వాళ్లకు చూపించడం ఇష్టం లేకపోయింది, అంతే. అక్క చావు ఒకసారి ఆటయింది, వీడి చావుతో ఇంకో ఆట కట్టించలేను. వెళ్లి బండి ఎక్కాను. వ్యాపారి వెంటపడి, "మమ్మల్ని ఇడిసిపెట్టి పోతవా? ఎట్ల రావాలె మేము?" అని అరిచాడు. నడిచి రమ్మన్నాను.

వాడు ఎక్కడా ఫిర్యాదు చేయలేదు, ఏమని చేస్తాడు? కానీ చూసినవాళ్లు ఊరుకోరు కదా. పై ఆదివారం అడ్డాకు ఇంకా ఎక్కువ మంది వచ్చారు. జట్కావాడు కొట్టిన చోటు చూడాలట. రాతి మీద నెత్తురు ఇంకా ఉందట. ఒకడు నన్నే అడిగాడు, ఆ జట్కావాడు ఎవడో చూపిస్తావా అని. నేను అడ్డా మార్చుకుని బేగంపేట వైపు పోయాను. పసుపు రాయి అక్కడే ఉండిపోయింది. చాన్నాళ్లకు బస్సులో అటు పోతూ చూస్తే చిన్న గుడి కట్టారు. ఉయ్యాలలు వేలాడుతున్నాయి.

వాణ్ణి కొట్టిన ఆ ఆదివారం ఇంటికి చేరేసరికి అమ్మ వాకిట్లో బియ్యం చెరుగుతోంది. నా బట్టల మీద రక్తం చూసి చేట ఆపింది. నేను చెప్పులు విప్పలేదు.

"తోసిండ్రమ్మా. దూకలే."

"ఎవడు చెప్పిండు?"

"తోసినోడే."

"బతకాలని చూసిందా నా బిడ్డ?"

వేళ్ల సంగతి, మడమ సంగతి అమ్మకు చెప్పలేదు. ఆమె బతికున్నన్నాళ్లూ చెప్పలేదు. "చూసిందమ్మా. అంచు పట్టుకున్నది. చేతులు ఇడువలే" అన్నాను.

అమ్మ చేట కింద పెట్టింది. రెండు చేతులూ పైకెత్తి, "అల్హందులిల్లా" అంది. దేవుడా నీకు శుక్రియా అని. నా బిడ్డను చంపినందుకు. ఆ రోజు చూసిన రక్తమంతా, విన్న ఏడుపంతా ఒక ఎత్తు, మా అమ్మ ముఖంలో ఆ సంతోషం ఒక ఎత్తు. అంత క్రూరమైనది నేను మళ్లీ చూడలేదు. వాళ్లు ఆమెను అక్కడికి తెచ్చారు. బిడ్డ హత్యకు పండగ చేసుకునే చోటికి.

"పోయి ముల్లా సాబ్‌ను పిలుచుకరా" అంది.

నేను వచ్చేసరికి బెల్లం ఉట్టి దిగింది. అమ్మ రోట్లో వేసి నూరుతోంది, నూరుతూ అప్పుడు ఏడ్చింది, గొంతెత్తి, వాడకంతా వినబడేలా. రొట్టెలు నలిపింది, నెయ్యి పోసింది. ముల్లా సాబ్ ఊదు వేసి ఫాతిహా చదివాడు. అక్క పేరు గట్టిగా పలికాడు, షహీద్ అన్న మాట చేర్చి. అమ్మ మలీద ముద్ద చేసి మొదట నా నోటి దగ్గర పెట్టింది. నా చేతులు కడుక్కున్నా గోళ్లలో ఇంకా ఎరుపు ఉంది. నోరు తెరవలేకపోయాను.

"తిను బిడ్డా. నువ్వు తింటెనే మీ అక్కకు ముడుతది" అంది.

తిన్నాను.